పదిహేడో నంబరు డ్రైవరమ్మ

సమ్మె మొదలైన రోజు డ్యూటీ దిగి ఇంటికి వచ్చేసరికి మధ్యాహ్నం రెండయింది. జేబులోంచి తాళంచెవి తీసి చూస్తే తలుపుకి తాళం లేదు. లోపల ఫ్యాను తిరుగుతున్న చప్పుడు. దొంగలేమో అనుకున్నాను. మా ఇంట్లో దొంగలకి పనికొచ్చేది ఏముందబ్బా అని కూడా అనుకున్నాను. మెల్లగా తలుపు తోసి చూస్తే కుర్చీలో మా ఆవిడ కూర్చుని ఉంది.

"నువ్వేంటి ఇక్కడ?" అన్నాను.

సొంత ఇంట్లో కూర్చున్న మనిషిని అడగాల్సిన మాట కాదు అది. ఆవిడ నవ్వింది.

"సమ్మె కదండీ. నిన్న ఫోన్లో పెట్టాగా."

పెట్టింది. ‘రేపట్నుంచి సమ్మె’ అని రెండే ముక్కలు. నేను దాని కింద బొటనవేలి బొమ్మ కూడా పెట్టాను. కానీ సమ్మె అంటే ఆ టైములో మా ఆవిడ ఇంట్లో ఉంటుందనే సంగతి నాకు తట్టలేదు.

మా ఆవిడ సిటీ బస్సు డ్రైవరు. పదిహేడో నంబరు. మధ్యాహ్నం ఒంటిగంటకి ఇల్లు కదిలిందంటే మళ్ళీ ఇల్లు చేరేది నేను నిద్రపోయాకే. నాది పెద్దాసుపత్రి లాండ్రీలో పని. తెల్లవారుజామున నాలుగుకి లేవాలి, అయిదుకల్లా మెషీన్ల దగ్గర ఉండాలి. ఆవిడ సెలవు బుధవారం, నా సెలవు ఆదివారం. పాపకి నాలుగేళ్ళప్పుడు, ఎవరో ఒకరం ఇంట్లో ఉండాలి కదా అని తాత్కాలికంగా ఇలా సర్దుకున్నాం. ఆ తాత్కాలికం ఏడేళ్ళు నడిచింది. ఈలోగా ఫోనొకటి వచ్చి మా పని ఇంకా సులువు చేసింది. ముగ్గురికీ కలిపి ఒక గ్రూపు, దానికి పాప పెట్టిన పేరు ‘ఇల్లు’. గ్యాసు అయిపోయిందన్నా, కుళాయి కారుతోందన్నా, పాపకి బూట్లు బిగుతయ్యాయన్నా అన్నీ అందులోనే.

మేమిద్దరం పోట్లాడుకుని ఎరగం. లాండ్రీలో ఎవరైనా ఇంటి గొడవలు చెప్పుకుంటుంటే, "మా ఇంట్లో అలాంటివేం ఉండవు" అని ఛాతీ విరుచుకునేవాణ్ణి. ఎదురుపడని వాళ్ళకి పోట్లాట ఎక్కణ్నుంచి వస్తుందని ఒక్కరూ అనలేదు. నాకూ తోచలేదు.

ఆ మధ్యాహ్నం ఏం చెయ్యాలో తెలియక టీ పెట్టాను. మంచి టీ. ఆవిడ చేతికి గ్లాసు ఇచ్చాను. ఒక గుక్క తాగి, "బాగుంది" అని కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చుంది. వేసవి సెలవుల్లో ఆ వేళకి పక్కింట్లో ఆడుకునే పాప కూడా ఆ రోజు ఇంట్లోనే ఉంది. గుమ్మం దగ్గర నిలబడి మా ఇద్దర్నీ చుట్టాల్ని చూసినట్టు చూస్తోంది.

"నాన్నా, అమ్మ టీలో చక్కెర వేసుకోదు," అంది.

"ఎప్పట్నుంచి?"

"మొన్న వానాకాలం నుంచి."

నేను ఆవిడ వైపు చూశాను. "చెప్పొచ్చుగా," అన్నాను.

"ఇంత కష్టపడి పెట్టారు, ఎందుకులే అని," అంది. చుట్టం మాట్లాడే మాటే అది. మర్యాదగా ఉంది. ఆ మర్యాద చూసి నాకు ఎక్కడో చిన్నగా కలుక్కుమంది.

సమ్మె సంగతి ఇది. బస్సుల్లో కండక్టర్లని తీసేసి ముందు తలుపు దగ్గర ఒక మెషీను పెడతామన్నారు. ఎక్కేవాళ్ళు కార్డు ఆనించి లోపలికి పోవడమే. బస్సుకి ఒక్క మనిషి చాలు, డ్రైవరు. డ్రైవర్ల ఉద్యోగాలకి ఏ ఢోకా లేదు. అయినా డ్రైవర్లూ కండక్టర్లూ అందరూ బళ్ళు ఆపి, రెండో రోజు నుంచి డిపో గేటు ముందు టెంటు వేసుకుని కూర్చున్నారు. అప్పుడు ఎండలు మండిపోతున్నాయి.

వారం రోజులు అయ్యాక, డ్యూటీ దిగి ఆవిడకి క్యారియరు పట్టుకెళ్ళడం మొదలుపెట్టాను. ఇంట్లో ఒక్కణ్ణే కూర్చోవడం ఎప్పుడూ లేని కష్టంగా అనిపించింది మరి. మొదటిసారి వెళ్ళినప్పుడు టెంటు కింద ఆడవాళ్ళ మధ్యలోంచి ఒకావిడ లేచి వచ్చింది. యాభై దాటిన మనిషి, బొద్దుగా ఉంది. మెడలో తాడుకి విజిల్ వేలాడుతోంది. నన్ను కింద నుంచి పైదాకా చూసి, "నువ్వేనా మరిదీ! గురక పెట్టేది నువ్వేగా?" అంది.

చుట్టూ ఉన్నవాళ్ళు గొల్లుమన్నారు. మా ఆవిడ చెంగుతో నోరు మూసుకుంది.

ఆవిడే పదిహేడో నంబరు కండక్టరు. అందరూ విజిలక్క అంటారు. మా ఆవిడని ‘చెల్లీ’ అంటుంది కాబట్టి నేను మరిదినయ్యాను. ఆవిడకి నా సంగతులన్నీ తెలుసు. నా ఎడమ మోకాలి నొప్పి, మా మేస్త్రీతో నాకు పడకపోవడం, నేను అద్దం ముందు జుట్టు లెక్కపెట్టుకోవడం, అన్నీ. ఆరేళ్ళుగా ఒకే బస్సు. చివరి స్టాపులో పది నిమిషాల విరామం. ఆ పది నిమిషాల్లోనే మా సంసారమంతా ఆవిడ చెవిన పడింది.

"నా సంగతులన్నీ మీకు తెలుసు వదినా, మీ సంగతి నాకొక్కటీ తెలియదు," అన్నాను.

"నా సంగతి పోనీ. నీ పెళ్ళాం సంగతి తెలుసా నీకు? ఆసుపత్రి గేటు సంగతి?"

"ఏ గేటు?"

విజిలక్క నా మొహం చూసింది. తర్వాత మా ఆవిడ మొహం చూసింది. "చెప్పలేదా?" అంది. మా ఆవిడ క్యారియరు మూత తియ్యడంలో మునిగిపోయింది.

ఆర్నెల్ల కిందట బస్సులో ఒకాయన ఉన్నట్టుండి ఒరిగిపోయాడట. గుండె. బస్సు నిండా జనం. అంబులెన్సు వచ్చేదాకా ఆగితే మనిషి దక్కడని మా ఆవిడ బస్సుని దారి తప్పించి, లైట్లన్నీ వేసుకుని, హారను మీద నుంచి చెయ్యి తియ్యకుండా పెద్దాసుపత్రికి పట్టుకెళ్ళిందట. విజిలక్క నేల మీద కూర్చుని ఆయన ఛాతీ నొక్కుతూనే ఉందట. అంబులెన్సులు తప్ప వేరే బళ్ళు రాకూడని గేటు అది. కాపలా ఆయన చెయ్యి అడ్డం పెట్టాడు. మా ఆవిడ కిటికీలోంచి తల బయటపెట్టి, "తీస్తావా, గేటుతో సహా లోపలికి రమ్మంటావా?" అని అడిగిందట.

ఆ మనిషి బతికాడు.

ఆ కథ నాకు తెలుసు. మర్నాడు ఆసుపత్రంతా అదే మాట. ఎవరో మొండిఘటం నిండు బస్సుతో ఎమర్జెన్సీ గేటులోంచి దూసుకొచ్చాడట అని లాండ్రీలో అందరం చెప్పుకుని నవ్వుకున్నాం. ఆ మనిషిని పడుకోబెట్టిన దుప్పటి కూడా మా మెషీన్లలోనే ఉతికి ఉంటాం. అలాంటి మొండిఘటం ఎవడో గానీ వాడికి దండం పెట్టాలని నేనే అన్నాను. ఆ మొండిఘటం ఆడమనిషని కూడా నాకు ఎవరూ చెప్పలేదు.

ఇంటికి నడుస్తూ అడిగాను. "నాకెందుకు చెప్పలేదు?"

"చెబుదామనే అనుకున్నా. ఇంటికొచ్చేసరికి మీరు పడుకున్నారు. నేను లేచేసరికి వెళ్ళిపోయారు. ఆ మర్నాడూ అంతే. తర్వాత పాతబడిపోయింది."

"ఫోన్లో పెట్టాల్సింది."

"అందులో కుళాయి కారుతోందని పెడతాం కదండీ," అంది. "దాని కింద ఇది పెడితే ఏం బాగుంటుంది?"

రోజులు గడిచాయి. టెంటు కింద కొత్త కొత్త మొహాలు పరిచయమయ్యాయి. పాప అట్టల మీద రంగులతో అక్షరాలు రాసిచ్చేది. విజిలక్కని పెద్దమ్మా అని పిలిచేది. బస్సుల్లేక జనం ఇబ్బంది పడుతున్నారని పేపర్లు రాశాయి. అది నిజమే. మా లాండ్రీకి వచ్చే ఇద్దరు ఆడవాళ్ళు రోజూ గంటన్నర నడిచి వచ్చేవారు. వాళ్ళ మొహం చూడాలంటే నాకు చిన్నతనంగా ఉండేది.

ఇరవయ్యో రోజు అనుకుంటాను, ఒక పెద్దాయన గొడుగు వేసుకుని టెంటు దగ్గరికి వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, చంకలో మడిచిన పేపరు. వస్తూనే కేకలు మొదలుపెట్టాడు.

"ఇరవై రోజులు! మనుషులేనా మీరు? నేనేమైపోవాలి?"

సెక్రటరీ లేచి సర్ది చెప్పబోయాడు. యూనియన్ సెక్రటరీ చాలా నెమ్మదైన మనిషి, ఎవరితోనైనా ‘అయ్యా’ అనే మాట్లాడతాడు. "అయ్యా, ఎక్కడికి వెళ్ళాలి మీరు? ఆటో పిలిపిస్తాను," అన్నాడు.

"ఎక్కడికీ వెళ్ళనక్కర్లేదు నేను!"

"మరి?"

పెద్దాయన తడబడ్డాడు. అప్పటికి విజిలక్కా మా ఆవిడా ఆయన గొంతు గుర్తుపట్టి వచ్చారు. "పేపరు బాబాయిగారూ! బీపీ మాత్ర వేసుకున్నారా ఇవ్వాళ?" అంది విజిలక్క, దణ్ణం కూడా పెట్టకముందే.

"నువ్వు అడగందే ఎలా వేసుకుంటాను?" అని ఆయన విసుక్కున్నాడు.

ఆయన పదిహేడో నంబరులో రోజూ సాయంత్రం ఎక్కి, చివరిదాకా వెళ్ళి, అదే బస్సులో వెనక్కి వస్తాడట. పనేం లేదు. భార్య పోయింది. ఉండేది ఏడో అంతస్తులో. పక్కింటివాళ్ళ పేరు కూడా తెలియదు. రోజు మొత్తంలో ఆయనతో మాట్లాడేది వీళ్ళిద్దరే. తిట్టడానికి వచ్చిన మనిషికి కుర్చీ వేశారు. ఆ రోజు నుంచి ఆయన కూడా టెంటులోనే. పేపరు గట్టిగా చదివి అందరికీ వినిపించేవాడు. మధ్యలో ప్రభుత్వాన్ని తిట్టేవాడు, ఆనక సమ్మెనీ తిట్టేవాడు.

ఇరవై తొమ్మిదో రోజు యాజమాన్యం నుంచి కబురు వచ్చింది. డ్రైవర్లకి జీతం పెంచుతారు. బాగానే పెంచుతారు. ఎల్లుండి నుంచి డ్యూటీ ఎక్కాలి. కండక్టర్ల సంగతి తర్వాత చూస్తారు. తర్వాత అంటే ఎప్పుడూ కాదని అందరికీ తెలుసు.

నేను క్యారియరుతో వెళ్ళేసరికి మీటింగు సగంలో ఉంది. టెంటు చాలక జనం ఎండలో నిలబడ్డారు. నాలుగు వందల మందికి తక్కువ లేరు. డ్రైవర్లు ఒక పక్కకి, కండక్టర్లు ఇంకో పక్కకి చేరారు. ఎవరూ చెప్పకుండానే మధ్యలో బాట పడింది. ఒక డ్రైవరు లేచి, ఇళ్ళు గడవడం లేదన్నాడు. అది అబద్ధం కాదు. ఇంకొకడు వెనకనుంచి, "కందకి లేని దురద కత్తిపీటకెందుకు?" అని అరిచాడు.

"కందకి దురద లేదని నీకెవరు చెప్పార్రా?" అంది విజిలక్క. "ఒళ్ళంతా దురదే మాకు!"

కొందరు నవ్వారు గానీ అది మనసారా నవ్విన నవ్వు కాదు. సెక్రటరీ మైకు పట్టుకుని, "డ్రైవర్లలో ఇంకెవరైనా మాట్లాడతారా అయ్యా?" అన్నాడు. గొంతులో ఆశ లేదు.

మా ఆవిడ లేచింది.

ఇరవై తొమ్మిది రోజుల్లో ఆవిడ ఒక్క మాట మాట్లాడింది లేదు. మైకు అంటేనే భయం. స్కూలు మీటింగులో పాప గురించి రెండు ముక్కలు చెప్పమంటే గ్రూపులో నాకు పెట్టింది, మీరే వెళ్ళండి అని. ఇప్పుడు జనంలోంచి దారి చేసుకుని వెళ్ళి మైకు అందుకుంది. నేను క్యారియరు కింద పెట్టాను.

"నాకు మైకు పట్టుకోవడం రాదు," అంది. "స్టీరింగయితే పట్టుకుంటాను."

ఎవరో చప్పట్లు కొట్టారు.

"మనకి జీతం పెంచుతామంటున్నారు. మంచిదే. ఎవరికి చేదు? మొన్న వానాకాలం రెండు నెలలు నా బండిలో మెషీను పెట్టి చూశారు. అక్కని తీసుకెళ్ళి ఆఫీసులో కూర్చోబెట్టారు. అది మీకందరికీ తెలుసు. మెషీను బాగానే పనిచేసింది. దాని మీద నాకు కోపం లేదు. జనం ఎక్కేవాళ్ళు, కార్డు ఆనించేవాళ్ళు, అది కుయ్యిమనేది, లోపలికి పోయేవాళ్ళు. ఎనిమిదిన్నర గంటలు కుయ్యి, కుయ్యి, కుయ్యి. పేపరు బాబాయిగారు కూడా రాని ఒకరోజు డిపోలో బండి పెట్టి దిగుతుంటే గేటు దగ్గర ఆయన, ‘ఏమ్మా, బాగున్నావా?’ అన్నాడు. బాగున్నానందామంటే గొంతు రాలేదు. జలుబేమో అనుకున్నా. కాదు. మధ్యాహ్నం ఇంట్లోంచి బయల్దేరాక నేను నోరు తెరవడం అదే మొదటిసారి."

టెంటు చప్పుడు లేకుండా అయిపోయింది.

"ఇంటికెళ్తే మా వాళ్ళు పడుకుని ఉంటారు. మా ఆయన నాలుగుకి లేవాలి. ఆయన్ని ఏమీ అనట్లేదు, నాకు అన్నం మూతపెట్టి ఉంచుతారు. తినేసి, గిన్నె కడిగి, పడుకునేదాన్ని. పొద్దున పాపకి జడేస్తూ ‘కదలకు, కదలకు’ అనేదాన్ని. ఇంట్లో నా మాటలంటే అవే. ఇంక బండిలో వైపరుతో మాట్లాడేదాన్ని. నవ్వకండి, నిజంగానే. వానలో నా ముందు కదిలేది అదొక్కటే కదా."

నవ్వినవాళ్ళు ఆగిపోయారు.

"రెండు నెలల తర్వాత అక్క మళ్ళీ బండెక్కి విజిలేసింది. స్టీరింగు మీద తల పెట్టి ఏడ్చాను. ఎందుకే పిచ్చిదానా అంది అక్క. చెప్పలేదు. ఇప్పుడు చెబుతున్నా. రేపు వీళ్ళందర్నీ ఇంటికి పంపేసి నాకు జీతం పెంచుతారు. ఆ సంగతి నేను ఎవరితో చెప్పుకోను? వైపరుతోనా?"

మైకు సెక్రటరీ చేతికి ఇచ్చేసింది. ఎలా దిగాలో తెలియనట్టు అక్కడే ఒక్క క్షణం నిలబడి, వచ్చిన దారినే వెళ్ళి విజిలక్క పక్కన కూర్చుంది.

నా పక్కన నిలబడ్డ డ్రైవరు ఎవరో, ముక్కు ఎగబీల్చి, "ఎవరండీ ఆవిడ? ఏ రూటు?" అని అడిగాడు.

"మా ఆవిడ," అన్నాను. "పదిహేడు."

ఆ మాట అంటున్నప్పుడు నా ఛాతీ పొంగింది. అదే క్షణంలో తల ఎత్తలేకపోయాను. ఈ రెండూ ఒక మనిషికి ఒకేసారి జరుగుతాయని ఎవరైనా చెబితే అంతకుముందు నమ్మేవాణ్ణి కాదు. నాలుగు వందల మందిలో నిలబడి మైకులో వింటే గానీ నా పెళ్ళాం ఒంటరిదని నాకు తెలియలేదు. అయినా ఆ నాలుగు వందల మంది నోళ్ళు మూయించింది ఎవరో కాదు, నా పెళ్ళామే.

చేతులెత్తమన్నారు. పని ఎక్కుదామన్నవాళ్ళు పాతిక మంది కూడా లేరు. కందా కత్తిపీటా అన్నవాడు కూడా ఆ పాతికలో లేడు. మధ్యలో బాట కూడా మూసుకుపోయింది. పేపరు పెద్దాయన, ఆయనకి ఓటు లేకపోయినా, రెండు చేతులూ ఎత్తాడు.

ఆ సాయంత్రం ఇద్దరం నడిచే ఇంటికి వచ్చాం. పాప విజిలక్కతో ముందు నడుస్తోంది. వాళ్ళు కాస్త దూరం వెళ్ళేదాకా ఆగాను. చివరికి, "ఆ రెండు నెలలూ నేనెక్కడున్నాను?" అన్నాను.

"పక్కనే ఉన్నారు," అంది.

దెప్పుతున్నట్టు అనలేదు. ఎక్కడ ఉన్నానో అడిగితే ఎక్కడ ఉన్నానో చెప్పింది, అంతే. నేను ఆవిడ చేతిలోంచి ఖాళీ క్యారియరు తీసుకున్నాను. ఇంటిదాకా ఇంకేం మాట్లాడుకోలేదు. కానీ ఆ మాట్లాడకపోవడం వేరు. అప్పటిదాకా మా ఇంట్లో ఉన్న మాట్లాడకపోవడం వేరు.

మర్నాడు పొద్దున లాండ్రీలో మేస్త్రీ దగ్గరికి వెళ్ళాను. ఆయన రెండు నెలల్లో దిగిపోతున్నాడు. మా ఇద్దరికీ పడకపోయినా పని తెలిసినవాణ్ణని తెల్లవారుజాము షిఫ్టుకి మేస్త్రీగా నా పేరే రాశాడు. పదహారేళ్ళుగా నేను ఎదురుచూసిన కుర్చీ అది.

"నాకు పొద్దున ఎనిమిది గంటల షిఫ్టు కావాలి," అన్నాను. "సెలవు బుధవారానికి మార్చాలి."

"ఎనిమిది గంటల షిఫ్టులో మేస్త్రీ పని లేదు. తెలుసా?"

"తెలుసు."

"మతి పోయిందా? ఎందుకు?"

"తెల్లవారుజామున లేవక్కర్లేకపోతే, మా ఆవిడ వచ్చేసరికి మెలకువగా ఉంటాను," అన్నాను.

ఆయన కళ్ళజోడు తీసి నన్ను చూశాడు. కాగితం తెమ్మన్నాడు. "పైవాళ్ళు ఒప్పుకోవాలి. నెల పడుతుందో ఏమో," అన్నాడు. ఆ సంగతి ఇంట్లో చెప్పలేదు. ఒప్పుకోకపోతే ఆవిడకి ఇంకో నిరాశ ఎందుకని.

సమ్మె నలభై మూడో రోజు ముగిసింది. మొత్తం గెలిచామని చెప్పను. గంట దాటే రూట్లన్నిటికీ కండక్టర్లు ఉంటారు. పదకొండు చిన్న రూట్లకి మెషీన్లు వచ్చాయి. ఆ కండక్టర్లని తీసెయ్యకుండా బస్ స్టేషన్లలో వేశారు. పదిహేడో నంబరు గంటా పది నిమిషాల రూటు, విజిలక్క మిగిలింది. టెంటులో రోజూ పక్కనే కూర్చున్న ఇద్దరు కుర్రాళ్ళకి బస్సు పోయింది. మా ఆవిడ ఆ ఇద్దరి దగ్గరికి వెళ్ళి చాలాసేపు నిలబడింది. "సగమే గెలిచాం," అంది తర్వాత. "ఆ సగమన్నా నీవల్లే అమ్మా," అన్నాడు సెక్రటరీ. మధ్యాహ్నం గేటు తెరిచి మొదటి బస్సుగా పదిహేడునే పంపాలని ఆయనే చెప్పాడు.

ఆ పొద్దున్నే నా కాగితం కూడా వచ్చింది. దాన్ని మడిచి జేబులో పెట్టుకుని, డ్యూటీ దిగి, పాపని తీసుకుని డిపోకి పరుగెత్తాను.

గేటుకి రెండువైపులా జనం. ఖాకీ చొక్కా వేసుకుని మా ఆవిడ బస్సెక్కింది. నలభై మూడు రోజుల దుమ్ము పట్టిన అద్దాన్ని లోపలినుంచి చేత్తో తుడిచింది. ఇంజను అందుకుంది. విజిలక్క వెనక మెట్టు మీద నిలబడి విజిలేసింది చూడండి, ఆ చప్పుడుకి కరెంటు తీగల మీద పిట్టలు లేచిపోయాయి. అందరూ కేకలు. మా పాప అందరికంటే గట్టిగా అరిచింది, "మా అమ్మ!" అని. గొంతు బొంగురుపోయేదాకా అరిచింది. నేను ఆపలేదు.

గేటు దాటాక బస్సు ఆగింది. మేమిద్దరం ఎక్కాం. నిజం చెప్పాలంటే, ఏడేళ్ళలో నేను ఆ బస్సు ఎక్కడం అదే మొదటిసారి. ఆవిడ బండి తిరిగే వేళకి నేను ఎప్పుడూ ఇంట్లోనే ఉన్నాను. పాప కిటికీ పక్కన కూర్చుంది. డ్రైవరు సీటుకి కొంచెం వెనగ్గా, ఎడమ వైపు మొదటి సీటు నాది.

విజిలక్క వచ్చింది. "ఎక్కడికి మరిదీ?"

"చివరిదాకా, వదినా."

"చివర దిగి ఏం చేస్తావు? అక్కడేం లేదు, గోడ తప్ప."

"మళ్ళీ ఎక్కుతాను."

ఆవిడ టిక్కెట్లు చింపి నా చేతిలో పెట్టి, నవ్వుకుంటూ వెనక్కి వెళ్ళిపోయింది. స్టాపు స్టాపుకీ జనం ఎక్కారు. "వచ్చావా డ్రైవరమ్మా!" అని ఒకామె, "మా కాళ్ళు అరిగిపోయాయి తల్లీ" అని ఇంకొకామె. మా ఆవిడ అందరికీ బదులిచ్చింది. అంత పెద్ద బండిని ఆ ఇరుకు మలుపులో ఒక్క చేత్తో, తలుపు మూసినంత తేలిగ్గా తిప్పింది. నేను ఆవిడ మెడ వైపు, భుజాల వైపు చూస్తూ కూర్చున్నాను. పదమూడేళ్ళ కాపురంలో పని చేస్తున్నప్పుడు ఆవిడ ఎలా ఉంటుందో చూడలేదు నేను.

మొదటి సిగ్నల్ ఎర్రగా పడింది. బస్సు ఆగింది. ఆవిడ పైన అద్దంలోంచి నన్ను చూసి, "ఏంటి విశేషాలు?" అంది. ఎన్నాళ్ళకో కలిసినవాళ్ళని అడిగినట్టు.

"నాకు సెలవు బుధవారానికి మార్చారు," అన్నాను.

ఆవిడ ఏదో అనబోయింది. పచ్చ లైటు పడింది. గేరు వేసి రోడ్డు మీద చూపు పెట్టింది. సిగ్నళ్ళ మధ్య ఒక్క మాట మాట్లాడదు ఆవిడ.

రెండో సిగ్నల్ దగ్గర అడిగింది, "ఎందుకు?"

"నీదీ బుధవారమే కదా. షిఫ్టు కూడా మారింది. పొద్దున ఎనిమిదికి వెళితే చాలు."

మూడో సిగ్నల్ దగ్గర, "మరి మేస్త్రీ పని?" అంది.

"వేరేవాళ్ళకి ఇచ్చారు."

అద్దంలో ఆవిడ కళ్ళు చాలాసేపు నా మీదే ఉన్నాయి. వెనకనుంచి ఎవరో హారను కొట్టారు. లైటు పచ్చబడి ఎంతసేపైందో. ఆవిడ గబుక్కున బండి కదిలించింది. విజిలక్క వెనకనుంచి, "ఏంటి చెల్లీ, నిద్రపోయావా?" అని కేకేసింది. పాప నవ్వింది.

నాలుగో సిగ్నల్ వచ్చింది. ఆవిడ బ్రేకు వేసి, అద్దం కొంచెం నా వైపు సరిచేసుకుంది.

"ఇంకా చెప్పండి," అంది.

పదిహేడో నంబరు దారిలో మొత్తం ఇరవై రెండు సిగ్నళ్ళు ఉన్నాయి.